‘ఏడాదే గ్యారంటీ’ అంటున్నాడు బిల్డరు, పైకప్పు కారుతోంది. ఎవరిని అడగాలి?

ప్రశ్న: నమస్కారం సార్. మాది కడప. ఉద్యోగాల కోసం వచ్చి బెంగళూరులోనే స్థిరపడ్డాం. కె.ఆర్.పురం దగ్గర 42 ఫ్లాట్ల అపార్ట్‌మెంట్‌లో రెండో అంతస్తులో ఫ్లాట్ కొన్నాం. ధర 74 లక్షలు. మా మామగారి రిటైర్‌మెంట్ డబ్బు కూడా అందులో ఉంది. అది జాయింట్ డెవలప్‌మెంట్‌లో (స్థలం ఒకరిది, కట్టేది బిల్డరు, ఫ్లాట్లు ఇద్దరూ పంచుకుంటారు) స్థలం ఓనరు వాటాకు వచ్చిన ఫ్లాట్, కాబట్టి రిజిస్ట్రేషన్ ఆయనే చేశారు. 2022 జూన్‌లో తాళాలు తీసుకున్నాం. కిందటి వానాకాలం నుంచి బాత్రూమ్ పైకప్పు కారుతోంది. పక్కనున్న బెడ్‌రూమ్ గోడ చెమ్మెక్కి పెచ్చులు ఊడుతోంది, కబ్బోర్డు వెనక అంతా బూజు. హాల్లో బీమ్ కింద పొడుగ్గా ఒక పగులు కూడా వచ్చింది. 2024లో మాకు దగ్గర్లోనే బాబుసాపాళ్యలో బిల్డింగ్ కూలినప్పటి నుంచి ఆ పగులు చూస్తే మా అత్తగారికి నిద్ర పట్టదు.

బిల్డరు మనుషులు ఒకసారి వచ్చి లప్పం పెట్టి రంగేసి వెళ్లారు. మూడు నెలలకే మళ్లీ మొదలైంది. ఇప్పుడు అడిగితే ‘అగ్రిమెంట్‌లో పన్నెండు నెలలే రాశాం, తాళాలు తీసుకున్న రోజు లోపాలేమీ లేవని సంతకం పెట్టారు, పైగా మీరు కొన్నది ఓనరు దగ్గర’ అంటున్నాడు. ఓనరేమో ‘కట్టింది నేను కాదు కదమ్మా’ అంటారు. పై ఫ్లాటాయన తన బాత్రూమ్ ముట్టనివ్వడు. అసోసియేషన్ గ్రూపులో పెడితే ‘ఇవన్నీ బయటికి తెలిస్తే ఫ్లాట్ల రేటు పడిపోతుంది’ అని నోరు మూయించారు. మా వారు మాత్రం సొంత డబ్బుతో రిపేర్ చేయించేసి అమ్మేద్దామంటున్నారు. మాకు ఇంకా హక్కేమైనా ఉందా?

— ఒక పాఠకురాలు, కె.ఆర్.పురం

సమాధానం: ఉందమ్మా. 2027 జూన్ దాకా గట్టిగా ఉంది. కాకపోతే ఆ హక్కు నిలబడాలంటే రెండు పనులు కావాలి. ఆ నీళ్లు ఎక్కడి నుంచి వస్తున్నాయో తేలాలి, ఆ సంగతి గడువులోగా కాగితం మీద బిల్డరుకు చేరాలి. మీ ఉత్తరంలో ఫోన్ మాటలు, ఇంటికొచ్చిన మనుషుల మాటలు చాలా ఉన్నాయి కానీ మీరు రాసి పంపిన ఒక్క నోటీసు కూడా కనబడలేదు. అన్నిటికంటే ముందు నాకు కంగారనిపించింది అదే.

బిల్డరు చెప్పిన మూడు సాకులు ఒక్కొక్కటే చూద్దాం. 2016 నాటి రెరా చట్టంలో, అంటే రియల్ ఎస్టేట్ నియంత్రణ చట్టంలో, 14వ సెక్షన్, మూడో ఉపసెక్షన్ ఉంది. స్వాధీనం ఇచ్చిన తేదీ నుంచి ఐదేళ్లలోపు నిర్మాణ లోపం గానీ, పనితనంలో, నాణ్యతలో, సదుపాయాల్లో లోపం గానీ బిల్డరు దృష్టికి తెస్తే, అతను పైసా తీసుకోకుండా 30 రోజుల్లో సరిచేయాలి. చేయకపోతే పరిహారం ఇవ్వాలి. ఇది పార్లమెంటు పెట్టిన గడువు. అగ్రిమెంట్‌లో పన్నెండు నెలలని రాసుకుంటే ఐదేళ్లు ఒక్కటై పోవు, ఎందుకంటే వేరే ఏ చట్టం అడ్డొచ్చినా ఈ చట్టమే పైచేయి అని 89వ సెక్షన్ చెబుతోంది. కొనేవాళ్లకు సంతకం పెట్టడం తప్ప దారి లేకుండా ఏకపక్షంగా రాసిన షరతులు వాళ్లను కట్టిపడేయవని, అలాంటివి రాయడమే అనుచిత వ్యాపార పద్ధతి అని 2019లో సుప్రీంకోర్టు పయనీర్ అర్బన్ కేసులో చెప్పింది. అది ఫ్లాటు ఆలస్యమైన కేసే, కానీ ఆ సూత్రం మీకూ పనికొస్తుంది.

‘లోపాలేమీ లేవు’ అన్న సంతకం గురించి అసలు బెంగపడకండి. తాళాలు తీసుకునే రోజు మనం చూసేది తలుపులు సరిగ్గా పడుతున్నాయా, కుళాయిలు తిరుగుతున్నాయా, టైల్స్ పగల్లేదా అనే. బాత్రూమ్ టైల్స్ కింద పల్లంగా పోసిన సంకన్ స్లాబ్‌లో వాటర్‌ప్రూఫింగ్ చేశారో, ఊరికే ఇటుక ముక్కలు, మట్టి నింపి టైల్స్ అతికించారో ఆ రోజు ఏ కంటికి కనిపిస్తుంది? చట్టం ఐదేళ్లు ఇచ్చిందే అలాంటి దాపు లోపాల కోసం.

‘ఓనరు దగ్గర కొన్నారు’ అన్న మాట బెంగళూరులో అలవాటుగా వినిపించేదే. జాయింట్ డెవలప్‌మెంట్ బిల్డింగుల్లో సగం మందిని ఇలాగే ఇద్దరి మధ్య బంతిలా తిప్పుతారు. కట్టేవాడు ఒకరు, అమ్మేవాడు ఇంకొకరు అయితే ఇద్దరినీ ప్రమోటర్లుగానే, అంటే ప్రాజెక్టుకు బాధ్యులుగానే చూడాలని, బాధ్యత ఇద్దరికీ ఉమ్మడిగా ఉంటుందని చట్టంలో ప్రమోటర్ నిర్వచనం కింద వివరణగా రాసి ఉంది. అంటే ‘కట్టింది నేను కాదు’ అన్న ఓనరూ తప్పించుకోలేడు, ‘అమ్మింది నేను కాదు’ అన్న బిల్డరూ తప్పించుకోలేడు. నోటీసు ఇద్దరి పేర్లా పంపండి. స్థలం ఓనర్లు చాలామంది ఇదే ఊళ్లో ఉండే పెద్దమనుషులు. తమ పేరున నోటీసు రాగానే వాళ్లే బిల్డరుకు ఫోన్ చేస్తారు.

ఇంతవరకు చట్టం మీ వైపే ఉంది. ఇక అసలు చిక్కు దగ్గరికి వద్దాం. మీ ఇంట్లో కారుతున్న నీళ్లకు కారణమైన లోపం మీ ఫ్లాటులో కాకుండా పై ఫ్లాటు నేలలో ఉండొచ్చు. పై ఫ్లాటాయన మధ్యలో ఎప్పుడైనా బాత్రూమ్ టైల్స్ మార్చారా? కొత్త షవర్ కోసమో, గీజర్ లైను కోసమో గోడలు, నేల తవ్వించారా? కనుక్కోండి. తవ్వించి ఉంటే బిల్డరు మొదటి మాటే అదవుతుంది, ‘వాటర్‌ప్రూఫింగ్ పోగొట్టింది వాళ్లే’ అని. నిజంగా అలా జరిగితే బాధ్యత పై ఇంటాయనదే, బిల్డరును పట్టుకుని లాభం లేదు. అందుకే ఎవరి మీదైనా ఫిర్యాదు రాసే ముందు నీటి దారి తేల్చుకోవాలి.

ఒక వారం పాటు ఎప్పుడెప్పుడు కారుతోందో టైముతో సహా రాసిపెట్టండి. రాత్రీ పగలూ ఒకే తీరున చుక్కలు పడుతూ, పై వాళ్లు ఊరెళ్లినా ఆగకపోతే అది ప్రెషర్‌తో నీళ్లొచ్చే పైపు లీకు కావచ్చు. పై ఫ్లాటు వాల్వ్ ఒక పూట కట్టేసి చూస్తే తేలిపోతుంది. పొద్దున స్నానాల వేళ పెరిగి తర్వాత తగ్గుతుంటే నహానీ ట్రాప్ (బాత్రూమ్ నేలలో నీళ్లు బయటికి పోయే జాలీ) దగ్గర జాయింటునో, టైల్స్ కింది వాటర్‌ప్రూఫింగునో అనుమానించాలి. వాన పడ్డ రోజుల్లోనే అయితే బయటి గోడ, పైపుల డక్టు చూడాలి. కాకపోతే సంకన్ స్లాబ్‌లో ఒకసారి నీళ్లు నిలిచాక, పైన వాడకం ఆపినా రెండు మూడు రోజులు కారుతూనే ఉంటుంది. అందుకని ఒక్కరోజు చూసి ఇదేనని తేల్చేయకండి.

తర్వాత చేయాల్సింది నీళ్లు నిలబెట్టి చూసే పరీక్ష. పై బాత్రూమ్‌లో ట్రాప్‌కు గుడ్డ బిగించి మూసేసి, గడప దాటకుండా రెండంగుళాల నీళ్లు నింపుతారు. అందులో కాస్త రంగు కలుపుతారు, వంటల్లో వాడే ఫుడ్ కలర్ చాలు. నీటి మట్టం ఎక్కడిదాకా ఉందో గోడ టైల్ మీద మార్కర్‌తో గీత గీసి ఫోటో తీయాలి. 48 గంటలు అలా వదిలేయాలి. గీత కంటే మట్టం బాగా దిగి, మీ పైకప్పు మీద అదే రంగు కనిపిస్తే ఇక వాదనే లేదు. ఆ పరీక్షకు బిల్డరు ఇంజినీరును రమ్మని నాలుగు రోజుల ముందే ఈమెయిల్ పెట్టండి. వస్తే మంచిది. రాకపోతే, పిలిచినా రాలేదన్న సంగతి మీ ఫైల్లో ఉంటుంది.

దీనికి పై ఇంటాయన ఒప్పుకోవాలి కదా అంటారా? ఆయనతో గొడవ పెట్టుకోకుండా ఒక మాట చెప్పి చూడండి. ఈ ఐదేళ్ల హక్కు ఆయనకూ ఉంది. పాడైంది ఆయన ఫ్లాటు నేలే కాబట్టి ఆయన కూడా సంతకం పెడితే బిల్డరు ఖర్చుతోనే ఆయన బాత్రూమ్ బాగవుతుంది. ఇప్పుడు ఊరుకుంటే 2027 తర్వాత మీరు ఆయన మీదే నష్టపరిహారం అడిగే పరిస్థితి వస్తుంది. మొదటి మాట మర్యాదగా, రెండో మాట ఇంకా మర్యాదగా చెప్పండి. ఆయన టైల్స్ ఎప్పుడూ తవ్వించలేదని నాలుగు లైన్లు రాసి సంతకం చేసి ఇస్తే మీ కేసులో అంతకంటే విలువైన కాగితం ఉండదు. మీ ప్రింటెడ్ అగ్రిమెంట్ కంటే కూడా.

ఈలోపు ఒక జాగ్రత్త. చెమ్మ పట్టిన గోడలో గీజర్ స్విచ్‌బోర్డు గానీ, కారే చోట సీలింగ్ లైటు గానీ ఉంటే ఆ లైను ఎంసీబీ ఆఫ్ చేసి ఉంచండి. రిపేర్ కథ తేలేదాకా బకెట్ నీళ్లతో సరిపెట్టుకోండి.

హాల్లో పగులు సంగతి. చూడకుండా నేను ఖాయంగా చెప్పకూడదు గానీ, మీరు రాసిన దాన్నిబట్టి బీమ్ అడుగు, గోడ పైభాగం కలిసేచోట అడ్డంగా, సన్నగా, ఒకే వెడల్పుతో పోతున్నట్టుంది. కాంక్రీటు బీమ్, బ్లాకు గోడ వేర్వేరుగా వ్యాకోచిస్తాయి, సంకోచిస్తాయి. ఆ రెండూ కలిసేచోట ప్లాస్టరింగ్‌కు ముందు చికెన్ మెష్, అంటే కోళ్ల గూళ్లకు వాడేలాంటి తీగ వల కొట్టాలి. చాలా సైట్లలో కొట్టరు, లేదా కొట్టినట్టు బిల్లు రాస్తారు. అలాంటి పగులు పనితనం లోపమే, నోటీసులో అదీ రాయండి, కానీ ఇల్లు కూలదు. బాబుసాపాళ్యలో కూలింది ఇంకా కడుతున్న బిల్డింగ్, అనుమతికి మించి అంతస్తులు వేస్తున్నారని అప్పట్లో బయటపడింది. ఆ సంగతి అత్తగారికి చెప్పండి.

భయపడాల్సిన పగుళ్లు వేరు. బీమ్ ఒంటి మీదే పిల్లర్ దగ్గర ఏటవాలుగా పోయేవి, నెలనెలా వెడల్పయ్యేవి, తుప్పు రంగు మరక కారేవి, పెచ్చు ఊడి లోపల కమ్మి కనబడేవి. పగులు రెండు చివరలా పెన్సిల్‌తో గీత గీసి తేదీ వేయండి, పగులుకు అడ్డంగా చిన్న గాజుముక్క అతికించండి. గాజు పగిలిందంటే అది కదులుతోందన్నమాట. అప్పుడు ఆలస్యం చేయకుండా స్ట్రక్చరల్ ఇంజినీరును పిలవాలి. ఆయన రీబౌండ్ హ్యామర్‌తోనో, అల్ట్రాసోనిక్ పరీక్షతోనో కాంక్రీటు ఎంత గట్టిగా ఉందో చూస్తారు. అంతదాకా రాకపోయినా ఒకసారి ఇంజినీరుతో చూపించుకుని, ఆయన లెటర్‌హెడ్ మీద ఫోటోలతో రిపోర్టు తీసుకోండి. ఆ ఖర్చూ పరిహారంలో అడగొచ్చు.

ఇక నోటీసు. దీనికి లాయరు భాష అక్కర్లేదు. ఫ్లాటు నంబరు, తాళాలిచ్చిన తేదీ, లోపాలు ఏమిటి, మొదట ఎప్పుడు కనబడ్డాయి, వాళ్లు వచ్చి రంగేసి వెళ్లిన తేదీ, పరీక్ష ఫలితం, 14వ సెక్షన్ ప్రకారం 30 రోజుల్లో సరిచేయాలన్న మాట. అంతే. ఈమెయిల్ చేయండి, అక్నాలెడ్జ్‌మెంట్‌తో స్పీడ్ పోస్టులోనూ పంపండి. అగ్రిమెంట్‌లో ఉన్న అడ్రసుకే పంపాలి. వాట్సాప్‌లో సైట్ ఇంజినీరు ‘చూస్తాం మేడమ్’ అని పెట్టిన మెసేజీలుంటే డిలీట్ చేయకండి, ఫోన్ మార్చినా బ్యాకప్ ఉంచండి. అన్నట్టు, వాళ్లు ఒకసారి వచ్చి రంగేశారంటే లోపం ఉందని ఒప్పుకున్నట్టే. వాళ్లకు తెలియకుండా అదే మీకు పెద్ద ఉపకారం.

నోటీసు అందాక బిల్డరు రెండింట్లో ఒకటి చేస్తాడు. పలకడు, లేదా మళ్లీ లప్పం డబ్బాతో మనిషిని పంపుతాడు. పైన పటారం లోన లొటారం పని ఇంకోసారి చేయించుకోకండి. ఏం చేస్తారో ముందు రాసివ్వమనండి: పై బాత్రూమ్ టైల్స్ తీయాలి, కింది నింపుడు తీసేయాలి, పైపు జాయింట్లు చూడాలి, కొత్తగా వాటర్‌ప్రూఫింగ్ కోటింగ్ వేయాలి, టైల్స్ పరిచే ముందే మళ్లీ 48 గంటలు నీళ్లు నిలబెట్టి మీ ఎదురుగా చూపించాలి. కొందరు మీ సీలింగ్‌కే బెజ్జాలు పెట్టి రసాయనం ఎక్కిస్తామంటారు. చౌక, తొందరగా అయిపోతుంది, అప్పుడప్పుడూ పనిచేస్తుంది కూడా. కానీ పైన నిలిచిన నీళ్లు అక్కడే ఉంటాయి, ఇంకోచోట దారి వెతుక్కుంటాయి. ‘ఇరవై వేలిస్తాం, ఫుల్ అండ్ ఫైనల్ అని సంతకం పెట్టండి’ అంటే మాత్రం పెన్ను ముట్టుకోవద్దు.

ముప్పై రోజులూ దాటిపోతే కర్ణాటక రెరాకు వెళ్లండి. ఆఫీసు మిషన్ రోడ్డు దగ్గర ఉంది, ఫిర్యాదు మాత్రం ఆన్‌లైన్‌లోనే వేయొచ్చు. మరమ్మతు చేయమని బిల్డరును ఆదేశించమంటే రెరా అథారిటీ ముందు ఫారం ఎన్. డబ్బు రూపంలో పరిహారం అడిగితే అడ్జుడికేటింగ్ ఆఫీసర్ ముందు ఫారం ఓ. ఈ రెండు పనులూ వేర్వేరుగా ఆ ఇద్దరివని 2021లో న్యూటెక్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఒకదాంట్లో వేయాల్సింది ఇంకోదాంట్లో వేసి నెలలు పోగొట్టుకున్నవాళ్లున్నారు. లాయరు తప్పనిసరి కాదు, మీరే వాదించుకోవచ్చు. పరిహారంలో మరమ్మతు అంచనా, పాడైన కబ్బోర్డు, ఇంజినీరు ఫీజు, పని జరిగే రోజుల్లో వేరే చోట ఉండాల్సొస్తే అద్దె అడగండి, ప్రతిదానికీ బిల్లు గానీ కొటేషన్ గానీ జత చేయండి. మానసిక క్షోభకు పాతిక లక్షలు లాంటివి రాస్తే మిగతా లెక్కల మీద కూడా నమ్మకం పోతుంది.

వినియోగదారుల కమిషన్ దారి కూడా ఉంది, రెరా ఉన్నంత మాత్రాన అది మూసుకుపోదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. అక్కడ మీరు చెల్లించిన ధర 50 లక్షలు దాటింది కాబట్టి జిల్లా కమిషన్‌లో కాదు, రాష్ట్ర కమిషన్‌లో వేయాలి, అదీ సమస్య తలెత్తిన రెండేళ్లలోపు. ఎనిమిది ఫ్లాట్లకు మించని, లేదా 500 చదరపు మీటర్లకు మించని స్థలంలో కట్టిన చిన్న బిల్డింగులకు రెరా రిజిస్ట్రేషన్ అక్కర్లేదు కాబట్టి వాళ్లకు ఇదే దిక్కు. మీది 42 ఫ్లాట్లది. రెరాకే వెళ్లమంటాను.

ఆర్డరు వచ్చాక డబ్బు చేతికి రావడం ఇంకో ప్రయాణం, దాచడం దేనికి. బిల్డరు కట్టకపోతే భూమి శిస్తు బకాయిలాగా వసూలు చేయమని రెవెన్యూ వాళ్లకు రికవరీ సర్టిఫికెట్ వెళ్తుంది, అక్కడ ఫైళ్లు నిదానంగా కదులుతాయి. అందుకే మీ బిల్డరు ఇప్పుడు ఎక్కడెక్కడ కొత్త ప్రాజెక్టులు అమ్ముతున్నాడో రెరా వెబ్‌సైట్‌లో చూడండి. ప్రమోటర్ మీద ఉన్న ఫిర్యాదులు అక్కడ ప్రాజెక్టు పేజీలో కనిపిస్తాయి. కొత్త ఫ్లాట్లు అమ్ముకోవాల్సినవాడికి ఆ పేజీలో మీ ఫిర్యాదు కనబడటం ఏ రికవరీ సర్టిఫికెట్ కంటే ఎక్కువ ఇబ్బంది. చాలా గొడవలు అక్కడే సెటిలవుతాయి.

అసోసియేషన్ వాళ్లు రేటు పడిపోతుందన్నారు. ఒకే మేస్త్రీ, ఒకే కాంట్రాక్టరు 42 బాత్రూమ్‌లు చేశారమ్మా, మీ ఒక్కదానికే వాటర్‌ప్రూఫింగ్ మర్చిపోయి ఉంటారా? గ్రూపులో పెట్టకండి సరే, మెట్ల దగ్గర కలిసినప్పుడు నలుగురిని విడివిడిగా అడగండి. గ్రూపులో గట్టిగా నోరు మూయించిన వాళ్లింట్లోనే సీలింగ్‌కు పసుపు మరకలు ఉంటాయని నా అనుమానం. ఐదారుగురు కలిస్తే ఒకే ఇంజినీరుతో అందరికీ రిపోర్టు చేయించుకోవచ్చు. మెజారిటీ ఒప్పుకుంటే అసోసియేషనే ఫిర్యాదు చేయొచ్చు. పైపుల డక్టు, టెర్రస్ లాంటి ఉమ్మడి చోట్ల లోపాలకు అదే సరైన పద్ధతి. బిల్డింగ్ ప్లాన్లు, పైపుల డ్రాయింగులు అసోసియేషన్‌కు ఇవ్వడం బిల్డరు బాధ్యత, ఇచ్చాడో లేదో అడగండి. పైపు ఎటు పోతుందో తెలియకుండా టైల్స్ తవ్వితే ఉన్న లీకుకు ఇంకోటి తోడవుతుంది.

చివరగా మీవారి మాట. సొంత డబ్బుతో చేయించేయడం తప్పేమీ కాదు, కొన్నిసార్లు మనశ్శాంతికి అదే మంచిది. కానీ పరీక్ష, రిపోర్టు, ఫోటోలు, నోటీసు, 30 రోజులు అయ్యాకే చేయించండి. ముందే చేయిస్తే లోపం ఏమిటో చూపించడానికి ఏమీ మిగలదు. బిల్లులు జీఎస్టీ నంబరున్న చోట తీసుకోండి. ఇక అమ్మడమంటారా, ఈ ఐదేళ్ల హక్కు ఫ్లాటుతో పాటు కొన్నవాళ్లకూ వెళ్తుంది, ఎందుకంటే తర్వాత కొన్నవాళ్లను కూడా చట్టం ఫ్లాటు పొందినవాళ్లుగానే లెక్కిస్తుంది. కాబట్టి రంగేసి దాచిపెట్టి అమ్మితే రేపు వాళ్లు మీకూ నోటీసిస్తారు. లీకు సంగతి చెప్పి, ఫైలు చేతిలో పెట్టి, రిపేర్ అంచనా మేరకు ధర తగ్గించి మాట్లాడుకోవడమే మీకు క్షేమం.